మామ్మ పలకని పేరు

ఏప్రిల్ 17, 1994, ఆదివారం

దొరల బర్మా దౌత్యం మీద పదకొండేళ్లుగా రాస్తున్న పుస్తకం ఇంకా అచ్చు మొహం చూడలేదు గానీ, అందులోని ఒక వాక్యం మాత్రం రాతికెక్కబోతోంది. ఇవాళ మృత్యుంజయ్ దాకి, బెంగాలీ వాళ్ల మాటలో మృత్యుంజయ్ అన్నకి, రాసి ఇచ్చేశాను. పైన బెంగాలీలో, కింద తెలుగులో. "1930 రంగూన్ రేవు సమ్మెలో సామ్రాజ్యవాదుల కిరాయి మూకల చేతిలో నేలకొరిగిన శహీద్ గవరయ్యకు లాల్ సలామ్." రేవు కార్మికుల యూనియన్ సెక్రటరీ కదా, "కిరాయి మూకలు" అన్న మాట దగ్గర ఆయన కళ్లు మెరిశాయి. "దుర్గాదీ, ఇది ప్రొఫెసర్ రాసినట్టు లేదు, మనిషి రాసినట్టుంది" అన్నాడు. పొగిడాడో తిట్టాడో తెలియలేదు. పొగడ్త కిందే జమ వేసుకున్నాను.

మెటియాబ్రుజ్‌లో అమ్మానాన్నా ఉండే మా కలకత్తా రేవు కూలీల లైను మొదట్లో, కుళాయి పక్కన, మే 26న శహీద్ వేదిక, అంటే అమరవీరుడి స్మారక దిమ్మె, ఆవిష్కరణ. రంగూన్‌లో గొడవ మొదలైన తేదీ అదే. తాత పోయింది ఆ గొడవలోనే. ప్రసంగం నాదే.

నాన్న ఆనందం చెప్పనలవి కాదు. పోలిరాజు అంటే రేవులో ఎవరికీ తెలియదు. "గవరయ్య కొడుకు" అంటే మాత్రం క్రేను మీది మనిషి కూడా వంగి చూసేవాడు. తండ్రి మొహం ఎరగడు. రంగూన్ నుంచి మామ్మ చంకలో వచ్చేనాటికి మాటలు కూడా సరిగ్గా రాలేదట. అరవై దాటాక తండ్రిని రాతిలోనైనా చూసుకోబోతున్నాడు. ఆ రోజుకని కొత్త పంజాబీ లాల్చీ కుట్టించుకుంటున్నాడు. అడుగడుక్కీ దర్జీ దుకాణం ఉన్న పేటలో ఉంటూ, ఒక్క దర్జీ కొలతలూ నచ్చక ఊరంతా తిరుగుతున్నాడని అమ్మ విసుక్కుంది.

వచ్చే ఆదివారం వెళ్లి రంగూన్ అధ్యాయం మామ్మకి చదివి వినిపిస్తాను. ఇన్నేళ్లలో ఆవిడ రంగూన్ గురించి నోరు విప్పింది లేదు. నేను రాసిందంతా నాన్న దగ్గరా, చనిపోయిన అప్పలకొండమ్మ దగ్గరా విన్నదే. అప్పలకొండమ్మ మామ్మతో పాటు అదే ఓడలో వచ్చింది. గవరయ్య శవం మీద పడి మామ్మ ఏడవడం కళ్లారా చూసిన మనిషి. సాక్షి అంటే అలా ఉండాలి.

ఏప్రిల్ 24, ఆదివారం

వరసగా రాయాలి.

భోజనాలయ్యాక చదవడం మొదలుపెట్టాను. నాన్న యూనియన్ ఆఫీసుకి వెళ్లాడు. అమ్మ బియ్యంలో రాళ్లు ఏరుతోంది. మామ్మ గుమ్మం పక్కన గోడకి చేరగిలబడి కళ్లు మూసుకుంది. రాసింది ఇంగ్లీషులో కాబట్టి అప్పటికప్పుడు తెలుగు చేసి చెబుతున్నాను. మాండలే రాజుకి వైస్రాయి ప్రభుత్వం పంపిన అల్టిమేటం దగ్గర మామ్మ గురక వినిపించింది. నా విద్యార్థులు కూడా సరిగ్గా అక్కడే నిద్రపోతారు. రంగూన్ రేవు దగ్గరికొచ్చేసరికి గురక ఆగింది. మన తెలుగు కూలీల సమ్మె, వాళ్ల బదులు కంపెనీలు బర్మా కూలీల్ని దింపడం, సమ్మె తీరగానే ఆ కూలీల్ని పొమ్మనడం, గేటు దగ్గర తోపులాట. అన్నీ విన్నది. "బర్మా కూలీల గుంపు మన లైనులోకి చొరబడి సమ్మె నాయకుడు గవరయ్యను చంపింది" అని చదివాను.

మామ్మ కళ్లు తెరిచింది.

"గవరయ్యని బర్మావోలు సంపనేదే గుంటా" అంది. "గవరయ్యని సంపింది మనోలే."

అమ్మ చేతిలో చేట జారిపోయింది. బియ్యం గదంతా పడ్డాయి. నేను ఉలిక్కిపడింది మనవాళ్లు చంపారన్న మాటకి. అమ్మ ఉలిక్కిపడింది దానికి కాదు.

"ఒలమ్మో, అత్త పేరు సెప్పీసింది!" అంది.

అప్పుడు గానీ నాకు తట్టలేదు. మా వాళ్లలో ఆడది మొగుడి పేరు పలకదు. బతికున్నా పలకదు, పోయినా పలకదు. రేషన్ కార్డు దగ్గరైనా, ఓటు దగ్గరైనా పక్కనున్న ఆడది చెప్పాలి. నాన్న పేరు పక్కింటి కాసులమ్మ చెబుతుంది, కాసులమ్మ మొగుడి పేరు అమ్మ చెబుతుంది. మామ్మ నోట గవరయ్య అన్న పేరు పుట్టి బుద్ధెరిగాక నేను వినలేదు. ఇవాళ వీధిలో పోయే మనిషిని పిలిచినట్టు పలికింది, ఒకటికి రెండుసార్లు.

"అత్తా, మావ పేరు అలాగ..." అని అమ్మ గొణిగింది.

"ఆయన మీ మావ కాదు" అంది మామ్మ.

బయట నాన్న చెప్పుల చప్పుడు. మామ్మ మళ్లీ కళ్లు మూసుకుంది. "బియ్యం ఇలా పారబోసినారేటి?" అని నాన్న అడిగాడు. నేనూ అమ్మా కూర్చుని ఏరాం. నాన్న కూడా కూర్చుని ఏరాడు, వేదికకి ఎర్ర రంగు వేయాలా, పాలరాయి అలాగే ఉంచాలా అని అడుగుతూ.

ఏప్రిల్ 25

క్లాసుకి వెళ్లాను. 1885 యుద్ధం చెప్పాను. ఏం చెప్పానో ఒక్క ముక్క గుర్తు లేదు.

ఏప్రిల్ 28

ఆవిడకి ఎనభై దాటాయి. జ్ఞాపకం చెదిరి ఉంటుంది. ఎక్కడో విన్న గొడవని ఇక్కడ అతికించి ఉంటుంది. పైగా ఒక్క నోటి మాట. రెండో సాక్ష్యం లేకుండా ఏ చరిత్రకారుడూ దీన్ని ముట్టుకోడు.

నేషనల్ లైబ్రరీకి వెళ్లి నా పాత కాగితాలన్నీ మళ్లీ తిరగేశాను. చచ్చినవాళ్ల అంకెలున్నాయి. నేను చూసినంతలో కూలీల పేర్లు లేవు. అంటే మామ్మ మాటని బలపరిచేది ఏమీ లేదు. హమ్మయ్య అనుకుని ట్రాము ఎక్కాను.

ట్రాములో తట్టింది, నా మాటని బలపరిచేది కూడా ఏమీ లేదని. అప్పలకొండమ్మది కూడా ఒక్క నోటి మాటే. ఆవిడ చూసింది ఏడుపుని, చంపడాన్ని కాదు. అయినా అది వేరు. ఎలా వేరో తీరిగ్గా ఆలోచించాలి.

మే 1, ఆదివారం

నాన్న ఎర్రజెండా పట్టుకుని మైదానంలో సభకి వెళ్లాడు. నేను మెటియాబ్రుజ్ వెళ్లాను. అమ్మ పొయ్యి గుమ్మంలోకి లాక్కుని కూర్చుంది, ఎవరూ లోపలికి రాకుండా. మామ్మ అంతా చెప్పింది. చెప్పింది చెప్పినట్టు రాస్తున్నాను. మరోలా రాయడం చేత కావడం లేదు.

"సమ్మె అయిపోనాది. మనోల్ని మల్లీ పన్లోకి తీసుకున్నారు. బర్మావోల్ని పొమ్మన్నారు. ఆలు గేటుకాడ నిలబడిపోతే మనోలు ఎక్కిరించినారు. నానూ నవ్వినాను. అక్కడ మొదలైంది కొట్లాట. ఒక బర్మావోడు తల పగిలి మా గదిలోకి దూరిపోనాడు. గవరయ్యన్న ఆణ్ణి బియ్యం బస్తాల ఎనక దాసినాడు."

"మీ గదిలో ఆయనెందుకున్నాడు?"

"గదిలో అందరికీ వంట నాదే కదే. గవరయ్యన్నకి పెళ్లి నేదు, పెళ్లాం నేదు. నన్ను సెల్లీ అనీవోడు. మీ నాన్నని బుజానేసుకుని తిప్పీవోడు."

"తర్వాత?"

"మనోలు కొక్కేలు అట్టుకుని వొచ్చినారు, బస్తాలు లాగే కొక్కేలు. ఆణ్ణి బయటకి ఇచ్చీ అన్నారు. గవరయ్యన్న గుమ్మానికి అడ్డంగా నిలబడినాడు. మనం సమ్మె సేసింది కంపెనీ మీద, ఈడి మీద కాదు అన్నాడు. అందరూ ఆగినారు. ఒకడు ఆగనేదు."

"ఎవరు మామ్మా?"

"మీ నాన్నని కన్నోడు" అంది.

పేరు అడిగితే, అడగరాని మాట అడిగినట్టు చూసింది. అమ్మకి ఈ పద్ధతులు తెలుసు. అమ్మే అడిగింది, ఊరి దేవుడి పేరా, కొండ పేరా అని. మామ్మ తల అడ్డంగా ఊపింది. "ఒంటినిండా బూడిద రాసుకుని, ఇల్లిల్లూ అడుక్కుని తిరుగుతారు సూడు" అంది. "బైరాగా?" అంది అమ్మ. మామ్మ తల ఊపింది. పొడుపుకథ విప్పినట్టు మా తాత పేరు విప్పారు ఇద్దరూ.

ఆ బర్మా మనిషిని కూడా బతకనివ్వలేదట. అతని పేరు మామ్మకి తెలియదు.

"మీ తాత ఎటు పారిపోనాడో తెల్దు. నాను గవరయ్యన్న మీద పడి ఏడిసినాను. ఎవులున్నారు ఆయనకి ఏడవడానికి? ఆ ఏడుపు అప్పలకొండమ్మ సూసింది. అంతవరకూ మావెవులో దానికి తెల్దు. ఓడ కలకత్తాలో దిగినాక ఒక బాబు అందరి పేర్లూ రాసుకుంటన్నాడు. నీ మొగుడి పేరేటి అన్నాడు. నానెలా సెప్తాను? పక్కనున్న అప్పలకొండమ్మ జాలిపడి సెప్పీసింది, గవరయ్య బాబూ, సచ్చిపోనాడు అని. కాదు అనాలంటే ఆ రెండో పేరు సెప్పాల. నోరు రానేదు. బాబు రాసీసినాడు. ఆడోలందరూ కూడి అక్కడే నా గాజులు తీయించీసినారు."

"తర్వాతైనా చెప్పొచ్చు కదా!" అని అరిచాను. అరిచినట్టే అన్నాను.

"తరవాత సెప్పబుద్ది కానేదే. నిజం సెప్తే నాను ఆడి పెళ్లాన్ని. ఆడొచ్చి రమ్మంటే ఎల్లాలి. ఆ సేత్తో అన్నం తినిపించాలి నా బిడ్డకి. ఈ అబద్దమే బాగుందనిపించింది."

అతను ఒకసారి వచ్చాడట. నాన్నకి ఊహ తెలిసే వయసు. లైను చివర నిలబడి చూశాడట. మామ్మ కుళాయి దగ్గర నీళ్లు పడుతోంది. బొట్టు లేదు, గాజులు లేవు, మెళ్లో పుస్తెలు లేవు. తను నిక్షేపంలా బతికి ఉండగా పెళ్లాం విధవరాలై నీళ్లు పడుతోంది. "సూసినాడు. నానూ సూసినాను. ఎల్లిపోనాడు" అంది మామ్మ. ఆ మాట దగ్గర మాత్రం ఆవిడ గొంతులో ఏదో గెలుపు వినిపించింది. నాకు భయమేసింది.

లైనులో మారుమనువుకి చాలామంది అడిగారని నాకు తెలుసు. ఎందుకు కాదన్నావని అడిగాను. "మొగుడు బతికుండగా మారుమనువేటి?" అంది.

వచ్చేస్తుంటే చేయి పట్టుకుంది. "బర్మావోలు మనోల్ని సంపనేదని అన్ను. శానామందిని సంపినారు, సూసినాను. ఈయన్ని సంపనేదు. ఈయన పోయింది ఆలలో ఒకడి కోసం. రాయి మీద తప్పు రాయకండే గుంటా."

మే 2

మా తాత గవరయ్యను చంపాడు. రాసి చూశాను. ఎవరి సంగతో రాసినట్టుంది.

మే 10

మృత్యుంజయ్ దా దగ్గరికి వెళ్లాను. వాక్యం కొంచెం మార్చాలన్నాను. "కిరాయి మూకల చేతిలో నేలకొరిగిన" బదులు "అల్లర్లలో ప్రాణాలు కోల్పోయిన" అంటే హుందాగా ఉంటుందన్నాను.

ఆయన కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "ప్రాణాలు ట్రాము కింద పడినవాడు కూడా కోల్పోతాడు దీదీ. చంపినవాడు లేకుండా శహీద్ ఎలా అవుతాడు? కొత్త ఆధారం ఏమైనా దొరికిందా?"

"లేదు. శైలి కోసం."

"శైలి పుస్తకంలో చూసుకోండి. రాయి చెక్కేశారు" అని టీ తెప్పించాడు.

బయటికొచ్చి టీ తాగిన మట్టి భాండం పారేస్తుంటే నా మీద నాకే రోత పుట్టింది. నాకున్న కాస్త పేరూ దేని వల్ల వచ్చింది? దొరల దౌత్య పత్రాల్లో ఎవరూ ఎవర్నీ చంపరని రాసినందుకు. "ఘర్షణలు చోటుచేసుకున్నాయి", "ప్రాణనష్టం సంభవించింది". మాండలే రాజు జవాబు చేరకముందే సైన్యానికి ఓడలు సిద్ధం చేసుకుని, తర్వాత "యుద్ధం అనివార్యమైంది" అని రాసుకున్నారు. ఆ వాక్యాలని క్లాసులో చదివి పిల్లల్ని నవ్విస్తాను. ఇవాళ అలాంటిదే ఒకటి జేబులో పెట్టుకుని యూనియన్ ఆఫీసుకి బయల్దేరాను. పైగా కుదరలేదని దిగులు.

మే 15, ఆదివారం

నాన్నకి చెప్పకూడదని నిర్ణయించుకున్నాను. రక్తపోటు మనిషి. ఇది పిరికితనం కాదు. ఆవిష్కరణ అయ్యాక, నెమ్మదిగా, సమయం చూసి.

పంజాబీ కుట్టడం అయింది. వేసుకుని చూపించాడు. అద్దంలో చూసుకుంటూ, "అమ్మీ, మా నాన్న నాలాగే పొడుగేటి? అప్పలకొండమ్మ ఏటైనా సెప్పిందేటి నీకు?" అని అడిగాడు.

"పొడుగే నాన్నా" అన్నాను.

మామ్మ గోడ వైపు తిరిగి పడుకుంది.

మే 22, ఆదివారం

ఎండలు మండిపోతున్నాయి, ఆ రోజు నువ్వు రావద్దు, ఇంట్లోనే ఉండు అని మామ్మకి చెప్పాను. "నాను రాకపోతే ఆయనకి ఎవులొస్తారు?" అంది. ఎవరూ లేరు నిజమే. ఇంత జనం వస్తున్నారు, ఆ మనిషి తాలూకు ఒక్కరూ లేరు.

అధ్యాయం పుస్తకంలోంచి తీసేస్తే? దౌత్యం గురించిన పుస్తకానికి రేవు గొడవ అతుకులాగే ఉంటుంది. ఎవరూ అడగరు కూడా.

మే 25

నిద్ర లేదు. ప్రసంగం మార్చలేదు.

మే 26, గురువారం

జరిగింది రాస్తాను. తర్వాత ఈ డైరీ ఎటైనా పోనీ.

కుర్చీలు, షామియానా, ఎర్ర తోరణాలు. యూనియన్ పెద్దలందరూ వచ్చారు. మా లైను ఆడవాళ్లు ఒక పక్క చాపల మీద కూర్చున్నారు. మామ్మకి ముందు వరసలో కుర్చీ. నాన్న కొత్త పంజాబీలో పెళ్లికొడుకులా అటూ ఇటూ తిరుగుతున్నాడు. మృత్యుంజయ్ దా ఎర్రగుడ్డ లాగాడు. తెల్లటి పాలరాయి, నా వాక్యం.

నేను మాట్లాడాను. రాసుకున్నది రాసుకున్నట్టే చదివాను, ఆ ముక్కతో సహా. బెంగాలీలో చదివాను కాబట్టి మామ్మకి తెలియదులే అనుకున్నాను. అరవై ఏళ్లకి పైగా ఈ ఊళ్లో బతికిన మనిషికి బెంగాలీ రాదని ఎలా అనుకున్నానో నాకే తెలియదు. అందరూ చప్పట్లు కొట్టారు. మామ్మ కొట్టలేదు.

తర్వాత శహీద్ భార్య దండ వేయాలి. నాన్న చేయి పట్టుకుని రాయి దగ్గరికి తీసుకెళ్లాడు. మామ్మకి చదువు రాదు. అక్షరాలని చేత్తో తడిమింది. "పేరేదిరా?" అని నాన్నని అడిగింది. నాన్న ఆవిడ వేలు పట్టుకుని పేరు మీద పెట్టాడు. మామ్మ దండ అక్కడ వేసి, వంగి, నుదురు రాతికి ఆనించింది.

"గవరయ్యన్నా! నీ సెల్లినొచ్చినాను. తప్పు రాసినారన్నా. ఆపలేకపోనాను."

మైకు పక్కనే ఉంది. ఆ మాట లైనంతా వినిపించింది.

చాపల మీద ఆడవాళ్లు నోళ్లు తెరుచుకుని ఉండిపోయారు. కాసులమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. మొగుడి పేరు పలకడమే ఒక పిడుగు, దాని వెనక అన్నా అన్నది! బెంగాలీ వాళ్లకి అందులో వినిపించింది ఒక్క పేరే. మృత్యుంజయ్ దా కదిలిపోయి పిడికిలెత్తాడు. "శహీద్ గవరయ్య!" అన్నాడు. "లాల్ సలామ్! లాల్ సలామ్!" అని జనం అరిచారు. మా వాళ్లు ఒక్కరూ అరవలేదు. ఆ అరుపుల మధ్య, మా వాళ్ల మౌనం మధ్య నాన్న నవ్వుతూ నిలబడ్డాడు. ఎండకి తల తిరిగి ఏదో అనేసింది అనుకున్నట్టున్నాడు.

"నాన్నని అన్న అంటావేటమ్మా? రా, కూకో" అన్నాడు.

"ఆయన మీ నాన్న కాదురా పోలీ."

"మరెవులు?"

నవ్వుతూనే అడిగాడు. మామ్మ నోరు తెరిచింది, మళ్లీ మూసుకుంది. చేతకాలేదు. ఇంత చేసిన మనిషికి ఆ ఒక్క పేరు నోట్లోంచి రాలేదు. అమ్మ వైపు చూసింది. ఆ రోజు పొడుపుకథలా విప్పింది గానీ, ఎవరి పేరో తెలిశాక కోడలు మామగారి పేరు పదిమందిలో చెప్పకూడదు, అమ్మ తల దించుకుంది. అప్పుడు మామ్మ నా వైపు చూసింది. లైనులో ఆడవాళ్లందరూ నా వైపు చూశారు. వాళ్లకి ఇందులో వింతేమీ లేదు. ముసలిదాని మొగుడి పేరు పక్కనున్న ఆడది చెప్పాలి, అంతే.

మామ్మకి ఒంట్లో బాగాలేదు అన్న మాట నా నాలుక చివరే ఉంది. నాన్న నవ్వు సగంలో ఆగిపోయి ఉంది. ఆ మొహం చూశాక ఆ మాట రాలేదు.

"బైరాగి" అన్నాను. "గవరయ్యని చంపింది ఆయనే నాన్నా. బర్మా వాళ్లు కాదు."

చంపిన సంగతి ఎవరూ అడగలేదు. అది మామ్మ చూపు అడిగిందో, నేనే ఇంక మోయలేక పడేశానో చెప్పలేను.

నాన్న రాయి వైపు చూశాడు. మామ్మ వైపు చూశాడు. తర్వాత నన్ను అడిగాడు, "నీకెప్పుట్నుంచి తెల్సు?"

"నెల దాటింది."

"పంజాబీ ఏసుకుని సూపించినప్పుడు తెల్సా?"

తలూపాను. నాన్న మైకు తీగ దాటుకుని, జనంలోంచి, ఇంటి ముందు నుంచి ఆగకుండా రేవు వైపు వెళ్లిపోయాడు. మృత్యుంజయ్ దా ఏమైంది ఏమైంది అని బెంగాలీలో అడుగుతూనే ఉన్నాడు.

మే 30

నాన్న మాట్లాడడం లేదు. నాతోనే కాదు, ఎవరితోనూ. మామ్మ అన్నం పెడితే తింటున్నాడట. అదొక్కటే మేలు అని అమ్మ కబురు పంపింది.

జూన్ 4

మృత్యుంజయ్ దా కాలేజీకి వచ్చాడు. లైనులో అందరూ అనుకునేది ఆయన చెవిన కూడా పడింది. "దీదీ, సొంత కార్మికుల చేతిలో పోయినవాడికి ఏం నినాదం ఇవ్వాలి?" అన్నాడు. ఎగతాళిగా కాదు, నిజంగానే తోచక అడిగాడు. ప్రస్తుతానికి రాయి మీద గుడ్డ కప్పించాడట. దీని గురించి పత్రికల్లో రాయవద్దని చేతులు పట్టుకున్నాడు. రాయనని చెప్పాను. ఆయన వెళ్లగానే అధ్యాయం తీసేసి, మిగతా పేజీలకి అంకెలు మార్చడం మొదలుపెట్టాను.

జూన్ 12, ఆదివారం

తలుపు తీస్తే నాన్న. నేనుండే సాల్ట్ లేక్‌కి ఒంటరిగా ఎప్పుడూ రాలేదు. బస్సులు మారి, దారి అడుగుతూ వచ్చాడు, చొక్కా చెమటతో తడిసిపోయి ఉంది. మంచినీళ్లు తాగి, కూర్చోకుండానే అడిగాడు.

"నీ బుక్కులో ఏటి రాస్తన్నావు?"

"ఆ అధ్యాయం తీసేశాను నాన్నా. నీ పేరు, ఎవరి పేరూ రాదు. భయపడకు."

"తీసీడమేటి?" అని గట్టిగా అరిచాడు. పక్క ఫ్లాటు వాళ్ల తలుపు తెరుచుకుంది. "ఇన్నాల్లు ఒకడి పేరు నాకు తగిలించినారు. ఆ పేరు సెప్పుకుని తిరిగినాను. దాంతో గౌరవం తిన్నాను. ఇప్పుడు ఆ పేరు కూడా తుడిసీస్తావేటి? ఆడికి పెళ్లాం నేదు, పిల్లల్నేరు. నాకు తండ్రనుకోబట్టే ఆడి పేరు రాతికెక్కింది. నువ్వూ తీసీస్తే ఇంకెవులు రాస్తారు?"

అప్పుడు కూర్చున్నాడు. నా బల్ల పక్కన, మంచం అంచు మీద.

"రాయి. తెలుగులో రాయి, నాకు తెలిసేలాగ."

కాగితం తీశాను. కలం పట్టుకుంటే ఎక్కడ మొదలుపెట్టాలో తోచలేదు. వైస్రాయిల గురించి వందల పేజీలు రాసిన చేయి. చివరికి ఒక వాక్యం రాసి చదివాను. "1930 మే నెలలో రంగూన్ రేవులో జరిగిన అల్లర్లలో, ఒక బర్మా కార్మికుణ్ణి కాపాడబోయి గవరయ్య హత్యకు గురయ్యాడు."

"గురవడమేటి?" అన్నాడు నాన్న. "సంపినోడు నేడేటి?"

నేను తలెత్తలేదు. నాన్న కూడా నా వైపు చూడడం లేదు, కిటికీలోంచి బయటికి చూస్తున్నాడు. పంజాబీ వేసుకున్న రోజు అద్దం ముందు ఎలా నిటారుగా నిలబడ్డాడో, ఇప్పుడు అంత నిటారుగా కూర్చున్నాడు. నాకు ఏడుపొచ్చింది. ఏడుస్తూనే రాశాను. రాసింది చదివాను.

"గవరయ్యను చంపినవాడు బైరాగి. బైరాగి కొడుకు పోలిరాజు. నేను పోలిరాజు కూతుర్ని."

నాన్న పెదవులు కదిలించి ఆ పేర్లు తనలో తను అనుకున్నాడు. తర్వాత నా వైపు తిరిగాడు.

"ఇంకోపాలి సదువు" అన్నాడు.

చదివాను.